చందాలతో కట్టిన మేడ

వెనకటి రోజుల్లో మన తెలుగువాళ్ళు మద్రాసు చూడ్డానికి బయల్దేరితే చేతిలో ఒక జాబితా ఉండేది. సముద్రం, లైట్‌హౌసు, పార్థసారథి కోవెల, చచ్చిన కాలేజీ, బతికిన కాలేజీ, మూర్ మార్కెట్టు. చచ్చిన కాలేజీ అంటే ఎగ్మూరులోని మ్యూజియం. బతికిన కాలేజీ అంటే సెంట్రల్ స్టేషను దాపున పీపుల్స్ పార్కులో ఉండే జూ. ఆ పేర్లు పెట్టిన మహానుభావులెవరో గాని, చదువంటే ఏమిటో బాగా తెలిసినవాళ్ళే అయివుంటారు! ఇవన్నీ చూసి, చైనా బజారులో బేరాలాడి నాలుగు చీరలూ, ఒక స్టీలు డబ్బా కొనుక్కుని, కాళ్ళు పీకుతుంటే తిరుగు రైలెక్కేవాళ్ళు.

స్టేషన్లోంచి బయటికొచ్చి పూనమల్లి హైరోడ్డు పట్టుకుని నాలుగడుగులు వేస్తే ఎర్రటి మేడ ఒకటి కనిపిస్తుంది. జూకి వెళ్ళే ప్రతివాళ్ళూ దాని ముందునుంచే వెళ్ళేవారు. చూసేవారు కాదు. దాని పక్కనే 1913లో తెల్లగా మెరిసిపోతూ రిప్పన్ బిల్డింగు లేచింది, నగర కార్పొరేషను ఆఫీసు. ఇద్దరూ పక్కపక్కన కూర్చున్న తోడికోడళ్ళలా ఉంటారు. చిన్నావిడ మల్లెపువ్వులాంటి చీర కట్టుకుని అధికారం చలాయిస్తూ ఉంటే, పెద్దావిడ ఎర్రచీరలో కాస్త వెనక్కి జరిగి, నోరు మెదపకుండా చూస్తూ ఉన్నట్టుంటుంది. ఊళ్ళో వాళ్ళ కళ్ళూ చిన్నావిడ మీదే. కాని పెద్దావిడ దగ్గర కూర్చుని కబుర్లు చెప్పించుకోవాలే గాని, ఎన్ని సంగతులు బయటపడతాయో!

ఆవిడ పేరు విక్టోరియా పబ్లిక్ హాల్. వాడుకలో టౌన్ హాల్.

ముందు పేరు సంగతే చూడండి. విక్టోరియా మహారాణి మన దేశం మొహం ఎన్నడూ చూసిన మనిషి కాదు. ఈ మేడకి పునాదిరాయి పడింది 1883 డిసెంబరు 17న. రాణిగారు పట్టానికి వచ్చి 50 ఏళ్ళయిన స్వర్ణోత్సవం జరిగింది 1887లో. ఊళ్ళోవాళ్ళు తమకో టౌన్ హాలు కావాలనుకుని మొదలెట్టిన కట్టడానికి మధ్యలో స్వర్ణోత్సవం వచ్చిపడింది, ఆవిడ పేరు అతుక్కుంది. బిడ్డని కన్నది ఒకరు, బారసాల నాటికి పేరు పెద్దింటివాళ్ళది. మన ఇళ్ళల్లో జరగనిదా ఏం!

కన్నవాళ్ళెవరంటారా? 1882 మార్చిలో మద్రాసు పెద్దలు సమావేశమై, ఊరికొక సభామందిరం ఉండాలి, నలుగురూ కూర్చోడానికీ, మాట్లాడుకోడానికీ, వినోదించడానికీ చోటు కావాలి అని తీర్మానించారు. ప్రభుత్వం ఖజానా తెరిచి కట్టించింది కాదిది. ధర్మకర్తల సంఘం ఒకటి పెట్టుకుని, సంస్థానాధీశుల దగ్గరా వర్తకుల దగ్గరా చందాలు వసూలు చేశారు. ముప్పైమందికి పైగా దాతల నుంచి 16,425 రూపాయలు పోగైనట్టు లెక్క చెబుతారు. స్థలం పీపుల్స్ పార్కులోదే. మూడెకరాల పైచిలుకు నేలని 99 ఏళ్ళ కౌలుకి ఇచ్చారు. ఆ కౌలు సంగతి కాస్త గుర్తుపెట్టుకోండి, తర్వాత పనికొస్తుంది.

ఇక ఆ సంఘానికి పెద్దగా ఉండి, స్వహస్తాలతో పునాదిరాయి వేసినదెవరనుకున్నారు? విజయనగరం మహారాజు ఆనందగజపతి! గురజాడ అప్పారావుగారిని ఆదరించిన ఆ ఆనందగజపతే. 1953లో ఆంధ్రరాష్ట్రం ఏర్పడే ముందు "మద్రాసు మనదే" అని మనవాళ్ళు గొంతులు చించుకున్నారు. రాలేదు, సరే. కాని ఆ నగరం నడిబొడ్డున నిలిచిన ఒక మేడ పునాదిలో తెలుగు రాజు వేసిన రాయి ఉంది. దాన్ని ఏ సరిహద్దు సంఘమూ కదల్చలేదు. పైగా కట్టిన మేస్త్రీ పెద్ద కూడా తాటికొండ నంబెరుమాళ్ళు శెట్టిగారు. ఇంటిపేరు వింటేనే మనకి చుట్టరికం తెలిసిపోవడం లేదూ? మద్రాసు హైకోర్టు లాంటి మహాకట్టడాలు కట్టిన కాంట్రాక్టరాయన.

నమూనా గీసినవాడు రాబర్ట్ చిజోమ్ అనే ఇంగ్లీషాయన. మద్రాసులో విశ్వవిద్యాలయం సెనేట్ హౌసు ఆయనదే. ఈ దొర గురించి నాకు నచ్చిన సంగతి ఒకటుంది. వచ్చిన దొరల్లో చాలామంది లండన్‌ని ఇక్కడ నాటాలని చూసినవాళ్ళే. ఈయన మాత్రం మన కట్టడాలని కళ్ళు విప్పి చూశాడు. తిరువాంకూరుకి వెళ్ళి త్రివేండ్రంలో నేపియర్ మ్యూజియం కట్టాడు. అది పూర్తయింది 1880లో. ఆ పని చేస్తున్నప్పుడు కేరళ ఇళ్ళ కప్పులు ఆయన కంట్లో పడ్డాయి. వానలు దంచికొట్టే దేశంలో కప్పు ఏటవాలుగా, నిటారుగా, చూరు కిందికి దిగి ఉండాలని అక్కడి వడ్రంగులకి తరతరాలుగా తెలుసు. అందం, అవసరం రెండూ కలిసొచ్చిన పనితనం అది.

అందుకే మద్రాసు టౌన్ హాలు చూస్తే మీకు తమాషాగా ఉంటుంది. ఒళ్ళంతా ఎర్ర ఇటుక. కింద వరుసగా గుండ్రటి కమానులు, అవి ఎక్కడో రోము వైపునుంచి వచ్చిన వంశం. వరండాల్లో సన్నటి స్తంభాలు, తలల మీద ఆకుల చెక్కడాలు, అవి గ్రీకు దేశపు కొరింథియన్ పోకడ. ఒక పక్కన నలుచదరపు టవరు. టవరు పై అంచున కాల్చిన మట్టితో చేసిన పట్టీ ఒకటి, దూరాన్నించి చూస్తే మసీదు గోడల మీద అందంగా అల్లిన అరబీ అక్షరాల్లా ఉంటుంది. ఇంత హంగామా చేసి, టవరు నెత్తిన ఏం పెట్టాడయ్యా అంటే తిరువాంకూరు కప్పు! సూటూ బూటూ వేసుకుని, ఉంగరాలు పెట్టుకుని, చివరికి తలమీద మాత్రం పిలక ఉంచుకున్న పాతకాలపు ప్లీడరులా ఉంటుంది చూడ్డానికి.

నవ్వొస్తుంది గాని, ఎబ్బెట్టుగా ఉండదు. అదీ దాని గొప్ప. నాలుగిళ్ళ నించి నాలుగు కూరలు తెచ్చి ఒకే విస్తట్లో వడ్డించినా ఒకదానితో ఒకటి తగువు పడకుండా ఉండాలంటే వడ్డించే చెయ్యి మంచిదై ఉండాలి. ఆ వరండాలు కూడా ఊరికే సోకుకి పెట్టినవి కావు. మద్రాసు ఎండ ఎలాంటిదో మనకి తెలుసు. గోడకి ఎండ తగలకుండా వరండా అడ్డం నిలబడితే లోపల గది చల్లగా ఉంటుంది. మండువా లోగిళ్ళలో పెరిగిన మనకి ఇది ఒకరు చెప్పాలా?

లోపల కిందొక హాలు, పైనొక హాలు. ఒక్కోదాంట్లో సుమారు 600 మంది కూర్చోవచ్చు. మేడమీద హాల్లో కర్రతో కట్టిన గ్యాలరీ కూడా ఉంది, అందులో మరో రెండు వందల మంది. ఒక్క సంగతి ఆలోచించండి. ఈ మేడ లేచేనాటికి మద్రాసులో కరెంటు లేదు. మైకన్నది లేదు. దీపాల వెలుగులో మొహాలు కనిపించాలి. నటుడి గొంతు ఉత్తినే గ్యాలరీలో వెనక బెంచీ దాకా వెళ్ళాలి. ఇప్పుడు పెళ్ళి మంటపాల్లో నాలుగు స్పీకర్లు పెట్టినా పురోహితుడేమంటున్నాడో తెలీదు!

మేడ కట్టారు సరే, ఊరికి అది ఏమిచ్చింది? అసలు కథ ఇక్కడుంది.

1891లో బళ్ళారి నుంచి ఒక నాటక సమాజం మద్రాసు వచ్చింది. పేరు సరసవినోదిని సభ. దాని పెద్ద ధర్మవరం రామకృష్ణమాచార్యులుగారు, వృత్తికి వకీలు, తర్వాత ఆంధ్రనాటక పితామహుడనిపించుకున్న మనిషి. బళ్ళారి ఇప్పుడు కర్ణాటకలో ఉంది గాని, అప్పట్లో తెలుగు నాటకానికి పుట్టిల్లు లాంటిది. ఆ సమాజం ఈ హాల్లో తెలుగు నాటకాలు ఆడింది. చూడ్డానికి వచ్చినవాళ్ళలో పమ్మల్ సంబంధం అనే తమిళ కుర్రాడు ఉన్నాడు. పద్దెనిమిదేళ్ళవాడు, కాలేజీ చదువుతున్నాడు.

ఈ కుర్రాడికి అంతవరకు నాటకాలంటే పడదు. తమిళంలో వీధుల్లో ఆడే కూత్తులంటే చిన్నచూపు. నాటకాలవాళ్ళంటే ఎవరో తక్కువవాళ్ళని నమ్మకం. తీరా ఇక్కడికొచ్చి చూస్తే, వేషాలు వేసుకుని రంగం మీద నిలబడినవాళ్ళు వకీళ్ళు, ఉద్యోగస్థులు, చదువుకున్న పెద్దమనుషులు! పొట్టకోసం ఆడేవాళ్ళు కారు, ఇష్టంకొద్దీ ఆడేవాళ్ళు. కుర్రాడి మనసు తిరగబడింది. "తెలుగువాళ్ళు చెయ్యగాలేంది మనమెందుకు చెయ్యకూడదు" అనుకున్నాడో ఏమో, స్నేహితుల్ని కూడగట్టి, అదే ఏడాది జులై 1న సుగుణ విలాస సభ అని ఒక సమాజం పెట్టేశాడు.

ఆ కుర్రాడే తర్వాత పమ్మల్ సంబంధ మొదలియారై, తమిళంలో ఎనభైకి పైగా నాటకాలు రాసి, కోర్టులో జడ్జీ ఉద్యోగం చేస్తూనే రంగం మీద వేషాలు కట్టి, తమిళ ఆధునిక నాటకానికి తండ్రి అనిపించుకున్నాడు. 1954లో శివాజీ గణేశన్ నటించిన 'మనోహర' సినిమా ఉంది చూశారూ, ఆ కథ ఈయన నాటకమే. సుగుణ విలాస సభ ఏళ్ళ తరబడి ఈ టౌన్ హాల్నే తన ఇల్లు చేసుకుంది. అందులో తమిళంతో పాటు తెలుగు నాటకాలూ ఆడారు. కాంగ్రెసు నాయకుడు సత్యమూర్తిగారి లాంటివాళ్ళు కూడా అక్కడ మొహానికి రంగు పూసుకున్నవాళ్ళే. ఒక తెలుగు నాటకం తమిళ నాటకానికి నిప్పు అందించింది. పక్కింటి పొయ్యిలోంచి నిప్పు తెచ్చుకుని మన పొయ్యి రాజేసుకోడం లాంటిదే. ఇచ్చినవాళ్ళకి తగ్గేదేమీ లేదు, పుచ్చుకున్నవాళ్ళింట్లో వంటయింది.

ఇందులో ఇంకో మర్మం ఉంది. నాటకం అప్పటికి కొత్తేమీ కాదు. కొత్తది, దానికి దొరికిన చోటు. మా అమ్మమ్మల కాలంలో పెళ్ళిసంబంధానికి ఆరా తీసేటప్పుడు కుర్రాడి గురించి మూడు ప్రశ్నలు అడిగేవారు. తాగుతాడా? పేకాడతాడా? నాటకాల పిచ్చి ఉందా? మూడోదానికి అవునంటే మొదటి రెండూ అడగక్కర్లేదన్నట్టే చూసేవారు. పందిట్లో, తాటాకుల పాకలో ఆడే నాటకం ఒకటి. గవర్నరు వచ్చే హాల్లో, మెట్లెక్కి, కుర్చీలో కూర్చుని చూసే నాటకం ఇంకొకటి. మాట అదే, పద్యం అదే, కాని గోడలు మారేసరికి చూసే కన్ను మారింది. 1897లో వివేకానందస్వామి అమెరికా నుంచి తిరిగివచ్చి మద్రాసులో ఉపన్యసించింది ఈ హాల్లోనే. ఆయన నిలబడిన హాల్లో నిలబడి మాట్లాడ్డానికి నటుడికీ అర్హత ఉందన్నమాట! ఎర్ర ఇటుకలు నటుడికి గౌరవం అనే ఉత్తరీయం కప్పాయి.

నటుడికి. మరి నటికో?

ఇక్కడే నాకు ఆ పేరులో మధ్యమాట కాస్త గుచ్చుకుంటుంది. పబ్లిక్. పబ్లిక్ అంటే ఎవరండీ? సుగుణ విలాస సభ గొప్ప సమాజమే, సందేహం లేదు. కాని అందులో శకుంతలైనా, సావిత్రైనా మీసాలు గొరిగించుకున్న మగవాళ్ళే. సంబంధ మొదలియారు నాయకుడైతే, చాలాకాలం ఆయన సరసన నాయిక రంగవడివేలు అనే ఆయన. మన వైపు సమాజాల్లోనూ అంతే. స్థానం నరసింహారావుగారి సత్యభామని చూసి, నడకా కులుకూ ఆడవాళ్ళే ఆయన దగ్గర నేర్చుకోవాలని చెప్పుకునేవారు. ఆయన కళని తక్కువ చెయ్యడం నా ఉద్దేశం కాదు. 1956లో ఆయనకి పద్మశ్రీ వచ్చింది, రావలసినదే. కాని ఆడదాని మనసు ఎలా ఉంటుందో, ఆడది ఎలా అలుగుతుందో, ఎలా ఏడుస్తుందో లోకానికి చూపించడానికి అసలు ఆడదే పనికిరాకపోవడం ఏమిటో! కుంకుమ మాదే, కొంగు మాదే, కన్నీళ్ళు మావే, రంగం ఎక్కేది మాత్రం వాళ్ళు.

పోనీ ఆడవాళ్ళకి చేతకాలేదా అంటే, ఎందుకు కాలేదు? 1885లో, అంటే ఈ హాలు గోడలు ఇంకా లేస్తున్న రోజుల్లోనే, కడప జిల్లా సురభి గ్రామంలో వనారస గోవిందరావుగారి కుటుంబం కీచకవధ నాటకం ఆడింది. తర్వాత అది సురభి నాటక కంపెనీ అయి ఊరూరా తిరిగింది. వాళ్ళల్లో ఆడవేషాలు ఆడవాళ్ళే వేశారు. తల్లీ, కూతురూ, కోడలూ అందరూ రంగం ఎక్కారు. చంటిబిడ్డని తెర వెనక ఉయ్యాల్లో వేసి వచ్చి ద్రౌపదిగా నిలబడ్డారు. డేరాలో ఆడినవాళ్ళకి ఉన్న ధైర్యం మేడలో ఆడినవాళ్ళకి లేకపోయింది. కారణం పెద్ద రహస్యమేం కాదు. మేడలో వాళ్ళకి కాపాడుకోవలసిన పరువు ఒకటుంది, ఆ పరువు బరువంతా ఎప్పట్లాగే ఇంట్లో ఆడదాని నెత్తిన ఉంది. తను రాజు వేషం వేసొచ్చినా పరవాలేదు, ఆవిడ మాత్రం గడప దాటకూడదు.

ఈ గడప సంగతి మగవాళ్ళల్లోనూ కొందరికి బాధ కలిగించింది. రామకృష్ణమాచార్యులుగారి మేనల్లుడు బళ్ళారి రాఘవ ఉన్నారు కదా, ఆయనా వకీలే, ఎంతటి నటుడో చెప్పనక్కర్లేదు. ఆడవేషాలు ఆడవాళ్ళే వెయ్యాలి, చదువుకున్న కుటుంబాల స్త్రీలు రంగం మీదికి రావాలి అని ఆయన పట్టుబట్టి చెప్పారు, కొందరిని తీసుకొచ్చారు కూడా. మేనమామ మగవాళ్ళకి తెరిచిన తలుపు, మేనల్లుడు ఆడవాళ్ళకి తియ్యబోయాడు. తలుపు చాలా బరువుగా ఉంది, మొదటి తోపుకే తెరుచుకోలేదు.

తమాషా ఏమిటంటే, ఆ తలుపుని చివరికి గట్టిగా తోసిన మొనగాడు కూడా ముందు ఈ హాల్లోకే వచ్చాడు. మనిషి కాదులెండి, యంత్రం. బొంబాయిలో 1896 జులైలో మొదటిసారి కదిలేబొమ్మలు చూపించారు. ఆ తర్వాత కొద్దికాలానికే స్టీవెన్సన్ అనే ఫోటోల వ్యాపారి మద్రాసులో ఈ టౌన్ హాల్లో బొమ్మలాట పెట్టాడు. మరికొన్నేళ్ళకి మన బందరు మనిషి రఘుపతి వెంకయ్యగారు వచ్చారు. మద్రాసులో ఫోటో స్టూడియో నడుపుకునే ఆయన, 1910 ప్రాంతాల్లో స్టూడియో తాకట్టు పెట్టి, క్రోనోమెగాఫోను అనే యంత్రం తెప్పించారు. తెరమీద బొమ్మ కదులుతూ ఉంటే పక్కన గ్రామఫోను రికార్డులో శబ్దం వస్తుంది. దాన్ని ఈ హాల్లో ప్రదర్శించి, తర్వాత ఊళ్ళూ దేశాలూ తిరిగి, మద్రాసులో సొంత సినిమాహాళ్ళు కట్టి, తెలుగు సినిమాకి తండ్రి అయ్యారు. ఇల్లు కాలినా సరే దీపం పెట్టి చూడాలనే మనుషులు కొందరుంటారు. స్టూడియో తాకట్టు పెడుతున్నప్పుడు ఆ ఇంటావిడ ఏమన్నదో చరిత్రలో ఎవరూ రాయలేదు. మనం ఊహించుకోగలం!

సినిమా వచ్చి నాటకానికి జనాన్ని తగ్గించింది, నిజమే. కాని తెర మీద బొమ్మ దగ్గరగా వచ్చి నిలబడితే మగవాడు ఆడవేషం వేసి మెప్పించడం కష్టం. 1932 ఫిబ్రవరిలో మన మొదటి టాకీ భక్తప్రహ్లాద వచ్చినప్పుడు లీలావతి వేషం వేసినది ఎవరనుకున్నారు? సురభి కమలాబాయి. డేరాలో పుట్టి పెరిగిన ఆ సురభి కుటుంబం ఆడపిల్లే తెలుగు తెరకి మొదటి కథానాయిక అయింది. మేడ ఇవ్వని చోటు, మేడలో ఆడిన యంత్రం ఇచ్చింది. చందాలిచ్చి హాలు కట్టించిన ఆ పెద్దలు కలలోనైనా అనుకుని ఉండరు ఇలా జరుగుతుందని. మంచి మేడలకి ఉన్న గుణం అదే. కట్టినవాళ్ళు అనుకోనివి కూడా వాటిల్లో జరుగుతాయి.

ఆ తర్వాత టౌన్ హాలుకి చెడ్డరోజులు వచ్చాయి. 1936లో సుగుణ విలాస సభ మౌంట్ రోడ్డులో సొంత ఇల్లు చూసుకుని వెళ్ళిపోయింది. పెద్దకొడుకు వేరింటి కాపురం పెట్టిన ఇల్లులా అయింది. సభలు, నాటకాలు అప్పుడప్పుడు జరిగినా కళ తగ్గుతూ వచ్చింది. అందాకా గుర్తుపెట్టుకోమన్నాను చూడండి, 99 ఏళ్ళ కౌలు, 1886 నుంచి లెక్క వేస్తే 1985తో తీరిపోయింది. విచిత్రంగా ఆ ఏడాదే పక్కనున్న మూర్ మార్కెట్టు కాలిపోయింది. ఆ ఏడాదికల్లా బతికిన కాలేజీ కూడా వండలూరుకి తరలిపోయింది. ఇరుగుపొరుగులిద్దరూ ఒక్కసారే లేకుండా పోయారు. మేడ ఎవరిదన్న తగువుల్లో తలుపులు మూతపడ్డాయి. కప్పు కారింది. కర్ర పుచ్చింది. ఇటుక సందుల్లో రావిమొక్కలు మొలిచాయి. పక్కన భూమికింద మెట్రో రైలు కోసం తవ్వుతుంటే ఈ ముసలమ్మ తట్టుకుంటుందా అని బెంగపడ్డవాళ్ళున్నారు.

ఇల్లు పాడవడం ఎలా మొదలవుతుందో ఆడవాళ్ళకి తెలిసినట్టు ఇంజనీర్లకి కూడా తెలీదేమో. వాన వల్ల కాదు, ఎండవల్ల కాదు. మనుషులు మసలకపోతే పాడవుతుంది. నలుగురు తిరిగే ఇంట్లో ఒక పెంకు జారితే సాయంత్రానికి ఎవరో ఒకరి కంట్లో పడుతుంది. తాళం వేసిన ఇంట్లో అదే పెంకు సందులోంచి వానాకాలమంతా నీళ్ళు దిగుతాయి. రోజూ పొయ్యి వెలిగే ఇంటికి చెదలు తొందరగా పట్టవని మా అత్తగారు అనేవారు. టౌన్ హాలుకి పొయ్యి అంటే రంగస్థలమే కదా. అది ఆరిపోయిన రోజునే చెదలు బయల్దేరాయి.

2023లో చెన్నై కార్పొరేషను, పాత రూపం చెడకుండా బాగుచేసే పని మొదలుపెట్టింది. 32 కోట్ల రూపాయల పైమాట ఖర్చుకి లెక్క వేశారు. 16 వేల చందాలతో మొదలైన మేడకి 32 కోట్లు! మన బంగారం ధరలు చూసినవాళ్ళకి ఇదేం వింత కాదులెండి. ఈ రకం పాత గోడకి సిమెంటు పూస్తే ఊపిరాడదు. ఇటుక పీల్చిన తడి బయటికి పోలేక లోపల్లోపలే గోడని తినేస్తుంది. దానికి సున్నమే పట్టాలి. ఓపికా, పాత చేతివాటం ఉన్న మేస్త్రీలు కావాలి. చినిగిన పట్టుచీరకి మరమ్మతు చెయ్యడం కొత్తచీర నెయ్యడం కన్నా కష్టమని రఫూ చేసేవాళ్ళని అడిగితే చెబుతారు.

బాగుచెయ్యడం సంతోషమే. కాని బాగుచేసిన వస్తువుని అద్దాలబీరువాలో పెట్టేసే జబ్బు మనకి ఒకటుంది. మంచి వెండిగిన్నెలు ఎవరో పెద్ద చుట్టం వస్తే తియ్యడానికి దాచి, ఆ చుట్టం రాకముందే మనం పోతాం. ఈ మేడకి అలాంటి గతి పట్టకూడదు. గోడలమీద పాత ఫోటోలు పెట్టుకోవచ్చు, పలకలమీద చరిత్ర రాయొచ్చు, తప్పులేదు. ఆ చరిత్రలో ఆనందగజపతి పేరూ, బళ్ళారి సమాజం పేరూ, బందరు వెంకయ్యగారి పేరూ మర్చిపోకుండా ఉంటే మనకి మరీ సంతోషం. కాని మేడమీద ఆ రంగం మాత్రం వెలుగుతూ ఉండాలి. బళ్ళోపిల్లలు నాటకం వెయ్యాలి. తమిళం, తెలుగు, ఏ భాషైనా సరే. ఆఫీసులో పనిచేసి, ఇంట్లో వంటచేసి, రాత్రి తొమ్మిదింటికి రిహార్సలుకి వచ్చే ఆడపిల్లలకి అందుబాటు అద్దెకి ఆ హాలు దొరకాలి.

చందాలిచ్చినవాళ్ళు రాజులు, కట్టించినవాళ్ళు శ్రీమంతులు, పేరు మహారాణిది. ఇవన్నీ నిజమే. అయినా ఆ మేడ నిలబడింది మధ్యనున్న చిన్నమాట మీద. పబ్లిక్ అని రాసిపెట్టారు, చెరపలేదు. నూటనలభై ఏళ్ళ కిందట ఆ మాటకి అర్థం చాలా ఇరుకుగా ఉండేది. బళ్ళారి వకీళ్ళు వచ్చి కాస్త వెడల్పు చేశారు, బందరు ఫోటోగ్రాఫరు వచ్చి ఇంకాస్త చేశాడు. డేరాల్లోంచి వచ్చిన ఆడవాళ్ళు తెరమీంచి దాన్ని మరీ పెద్దది చేశారు. మన ఊళ్ళల్లో కూడా ఇలాంటి టౌన్ హాళ్ళు, మునిసిపల్ హాళ్ళు, నాటకమందిరాలు తాళాలతో చాలా ఉన్నాయి. వాటి తాళంచెవి ఎవరి దగ్గరుందో ఒకసారి కనుక్కోండి. అడగడానికి మొహమాటం ఎందుకు? గుమ్మం మీద మన పేరే రాసి ఉంది.